హైదరాబాదు ఉత్తర శివారు గగనతలం: నిజాం కానుక విమానాల నుంచి దుండిగల్ శిక్షణ దాకా

వ్యాససంగ్రహం:
మేడ్చల్, శామీర్‌పేట పరిసరాల ఆకాశం నేడు భారత వాయుసేన శిక్షణకు నెలవు. ఈ స్థితికి వెనుక నూరేళ్లకు పైబడిన చరిత్ర ఉంది. హైదరాబాదు సంస్థానం విమానాలకు ధనమిచ్చిన దశ, విమానయాన సంస్థను నడిపిన దశ, వైమానికులను తయారుచేసే కేంద్రంగా మారిన దశ అనే మూడు ఘట్టాలలో ఆ చరిత్రను పరిశీలించడం, ప్రతి దశలోనూ ఎగిరే అవకాశం ఎవరికి దక్కిందో నిర్ధారించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: హైదరాబాదు సంస్థానం, కానుక విమానాలు, డెక్కన్ ఎయిర్‌వేస్, హకీంపేట, దుండిగల్, రావల్కోల్.

1. ఉపోద్ఘాతం

మేడ్చల్-మల్కాజిగిరి జిల్లా, మేడ్చల్ మండలంలోని గ్రామం రావల్కోల్. మేడ్చల్‌కు పడమట దుండిగల్‌లో వాయుసేన అకాడమీ, ఆగ్నేయంగా హకీంపేటలో వాయుసేన స్థావరం ఉన్నాయి. ఈ రెండు రన్‌వేల పరిసర గ్రామాలకు శిక్షణ విమానాల మోత నిత్యానుభవం. హైదరాబాదు విమానయాన చరిత్ర మాత్రం ఎక్కువగా నిజాం వైభవంతో మొదలై బేగంపేట విమానాశ్రయంతో ముగుస్తుంది. ధనమెవరిది, పేరెవరిది, ఎగిరినవారెవరు అన్న ప్రశ్నలు వేసినప్పుడు ఆ కథ మరో రూపు దాలుస్తుంది.

2. కానుక దశ: పేరు మాత్రమే ఎగిరిన కాలం

మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో సంస్థానాధీశులు బ్రిటిష్ ప్రభుత్వానికి సైన్యాన్ని, ధనాన్ని సమకూర్చారు. 1917 నవంబరులో ఇంగ్లండులో ఏర్పడిన 110వ స్క్వాడ్రన్‌కు యుద్ధ విమానాలు ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ కానుకగా సమకూరాయి. అవి అమెరికన్ లిబర్టీ ఇంజను అమర్చిన డి.హెచ్.9ఎ అనే ఇద్దరు కూర్చునే బాంబర్లు. వాటిపై దాత పేరును లిఖించారు. 1918 సెప్టెంబరులో ఫ్రాన్సు చేరిన ఈ దళం జర్మనీ నగరాలపై పగటిపూట దాడులు జరిపి, యుద్ధం ముగిసేలోపు భారీగా నష్టపోయింది.

వాటిలో ఎఫ్1010 అనే విమానం 1918 అక్టోబరు 5న జర్మన్ల చేతికి చిక్కింది. అందులోని ఇద్దరూ యుద్ధఖైదీలయ్యారు. బెర్లిన్ మ్యూజియంలో ప్రదర్శనకు ఉంచిన ఆ విమానం రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో పోలండుకు తరలింది. 1977లో ఒక స్పిట్‌ఫైర్ విమానానికి బదులుగా బ్రిటన్‌కు చేరి, నేడు లండన్‌లోని రాయల్ ఎయిర్‌ఫోర్స్ మ్యూజియంలో ఉంది. హైదరాబాదు ప్రజల పన్నుల ఆదాయంపై నిలిచిన పాలన ఇచ్చిన ఈ కానుకకు సంబంధించిన భౌతిక సాక్ష్యం హైదరాబాదుకు వేల మైళ్ల దూరంలో మిగలడం గమనార్హం.

రెండవ ప్రపంచ యుద్ధంలోనూ ఇదే పద్ధతి కొనసాగింది. 152వ స్క్వాడ్రన్ ‘హైదరాబాద్’ పేరును, 253వ స్క్వాడ్రన్ ‘హైదరాబాద్ స్టేట్’ పేరును ధరించాయి. 1940లో స్పిట్‌ఫైర్లతో ఇంగ్లండు దక్షిణ తీరాన్ని రక్షించిన 152వ స్క్వాడ్రన్ తరువాత బర్మా రంగంలోనూ పోరాడింది. దాని చిహ్నంలో ఉన్నది నిజాం శిరోవేష్టనం. దాని నినాదం ‘విశ్వాసపాత్ర మిత్రుడు’ అన్న అర్థాన్నిస్తుంది. అది బ్రిటిష్ వారు నిజాముకిచ్చిన బిరుదే. ఈ విధంగా విమానం రాజభక్తికి ప్రకటనగా పనిచేసింది. సంస్థానం పేరు ఐరోపా ఆకాశంలో ఎగిరినా, ఆ కానుక వల్ల సంస్థాన ప్రజలకు ఎగిరే విద్య అబ్బలేదు.

3. సంస్థ దశ: డెక్కన్ ఎయిర్‌వేస్

1945లో నిజాం రాష్ట్ర రైల్వే, టాటాల భాగస్వామ్యంతో డెక్కన్ ఎయిర్‌వేస్ ఏర్పడింది. రైళ్లను, బస్సులను నడిపిన యంత్రాంగమే విమానయానంలోనూ ప్రధాన వాటాదారు కావడం ఈ సంస్థ ప్రత్యేకత. బేగంపేట కేంద్రంగా డకోటా విమానాలు మద్రాసు, బెంగళూరు, ఢిల్లీ వంటి నగరాలతో హైదరాబాదును కలిపాయి. మహిళ అన్న కారణంతో పలు సంస్థలు ఉద్యోగం నిరాకరించిన ప్రేమ్ మాథుర్‌కు అవకాశమిచ్చింది ఈ సంస్థే. ఆమె భారతదేశపు తొలి మహిళా వాణిజ్య పైలట్‌గా గుర్తింపు పొందారు.

ఇదే కాలంలో ఆకాశం రాజకీయ సంఘర్షణకూ వేదికయింది. 1948లో భారత ప్రభుత్వ దిగ్బంధాన్ని తప్పించుకొని ఆస్ట్రేలియా వైమానికుడు సిడ్నీ కాటన్ లాంకాస్ట్రియన్ విమానాలలో కరాచీ నుంచి సంస్థానానికి ఆయుధాలు చేరవేశాడు. సెప్టెంబరు 13న ఆరంభమైన పోలీసు చర్యలో భారత వాయుసేన టెంపెస్ట్ విమానాలు పాల్గొన్నాయి. ఒకనాడు పరదేశపు యుద్ధానికి విమానాలు కానుకిచ్చిన సంస్థానానికి తన ఆకాశాన్ని కాపాడుకోగల యుద్ధవిమాన దళం లేకపోవడం కానుక విధానపు పర్యవసానం. 1953 జాతీయీకరణలో డెక్కన్ ఎయిర్‌వేస్ ఇండియన్ ఎయిర్‌లైన్స్‌లో విలీనమైంది.

4. శిక్షణ దశ: హకీంపేట, దుండిగల్

స్వాతంత్ర్యానంతరం బేగంపేట, హకీంపేటలు వాయుసేన శిక్షణ కేంద్రాలయ్యాయి. సరిహద్దులకు దూరం, పీఠభూమి నైసర్గికత, వర్షాకాలం మినహా ఎక్కువ రోజులు నిర్మలంగా ఉండే ఆకాశం ఈ ప్రాంతాన్ని శిక్షణకు అనువైనదిగా చేస్తాయి. 1967 అక్టోబరు 11న రాష్ట్రపతి జాకీర్ హుస్సేన్ దుండిగల్‌లో వాయుసేన అకాడమీకి శంకుస్థాపన చేశారు. 1971లో అక్కడ శిక్షణ ఆరంభమైంది. 2016 జూన్ 18న అవని చతుర్వేది, భావనా కాంత్, మోహనా సింగ్‌లు యుద్ధవిమాన విభాగానికి ఎంపికైన తొలి మహిళలుగా ఇక్కడే కమిషన్ పొందారు. ప్రేమ్ మాథుర్‌కు దక్కిన అవకాశం ఒక సంస్థ నిర్ణయం. 2016 నాటిది ప్రభుత్వ విధానంగా వచ్చిన మార్పు. ఈ రెండింటి మధ్య సుమారు ఏడు దశాబ్దాల కాలం గడిచింది.

శిక్షణకు మూల్యం కూడా ఉంది. 2023 డిసెంబరు 4న దుండిగల్ నుంచి బయలుదేరిన పిలాటస్ పీసీ-7 విమానం మెదక్ జిల్లా తూప్రాన్ సమీపంలోని రావెల్లి వద్ద కూలి, శిక్షకుడు, శిక్షణార్థి ఇద్దరూ మరణించారు. నగరం ఉత్తరంగా విస్తరించి, పంటభూములు లేఅవుట్లుగా మారుతున్న నేడు శిక్షణ గగనతలం కింద జనసాంద్రత పెరుగుతోంది. వైమానిక స్థావరాల పరిసరాలలో కట్టడాల ఎత్తుపై పరిమితులకు కారణం ఈ భద్రతే. ఆకాశ వినియోగం నేలమీది హక్కులను కూడా నిర్ణయిస్తుందనడానికి ఇది నిదర్శనం.

5. ముగింపు

పై పరిశీలన వల్ల మూడు విషయాలు తేలుతున్నాయి. కానుక దశలో సంస్థానానికి దక్కింది కీర్తి, సామర్థ్యం కాదు. సంస్థ దశలో స్థానికంగా నైపుణ్యం, ఉపాధి ఏర్పడినా అది ఎనిమిదేళ్లకే జాతీయ వ్యవస్థలో కలిసిపోయింది. శిక్షణ దశలో విద్య ఇక్కడే స్థిరపడింది. అయితే దాని భారాన్ని, ప్రమాదాన్ని పంచుకుంటున్న గ్రామాలు చరిత్ర రచనలో చోటు పొందలేదు. కానుక విమానం మీద దాత పేరు రాసినవారు పన్ను కట్టిన రైతు పేరు రాయలేదు. అదే లోపం విమానయాన చరిత్రలో పునరావృతం కారాదు. రావల్కోల్ వంటి గ్రామాల రెవెన్యూ రికార్డులను, భూమి వినియోగంలోని మార్పులను, వృద్ధుల మౌఖిక కథనాలను స్థావరాల చరిత్రతో జోడించి అధ్యయనం చేసినప్పుడే తెలంగాణ విమానయాన చరిత్ర సమగ్రమవుతుంది.