పొలం బాటను ఆక్రమిస్తే ఏం చేయాలి?

పొలానికి వెళ్లే డొంకనో, పుంతనో, బండ్ల బాటనో ఎవరైనా దున్ని కలిపేసుకుంటే మీ చేనులోకి ట్రాక్టరు, కోత మిషను వెళ్లవు. అలాగని కంచెను మీరే పీకేయకండి. కేసు మీ మీదికే రావచ్చు.

ముందుగా గ్రామ నక్షా, ఎఫ్‌ఎంబీ నకళ్లు తీసుకుని ఆ బాట రికార్డులో ఉందో లేదో చూడండి.

రికార్డులో ఉంటే: సర్వే నంబరు, ఫొటోలు, తోటి రైతుల సంతకాలతో తహసీల్దారుకు అర్జీ ఇచ్చి రసీదు తీసుకోండి. సర్వే చేయించమని కోరండి. 1905 నాటి భూ ఆక్రమణల చట్టం కింద ఆయన నోటీసు ఇచ్చి, వివరణ తీసుకుని, ఆక్రమణను తొలగించవచ్చు. పంచాయతీ రోడ్డయితే కార్యదర్శికి కూడా అర్జీ పెట్టండి.

దారి పూర్తిగా మూసేస్తే: ఆర్డీవోను కలవండి. భారతీయ నాగరిక సురక్షా సంహిత 152వ సెక్షన్ (పాత సీఆర్‌పీసీ 133) కింద అడ్డు తీయించే అధికారం ఆయనకు ఉంది. అయినా పని జరగకపోతే కలెక్టరుకు అర్జీ ఇవ్వండి. ఆపైన హైకోర్టులో రిట్ వేయవచ్చు.

రికార్డులో లేకపోతే: వేరొకరి పట్టా భూమిలోంచి 20 ఏళ్లుగా హక్కుగా, బహిరంగంగా, ఆటంకం లేకుండా నడుస్తున్న దారైతే సివిల్ కోర్టులో దావా వేయవచ్చు. అయితే దారి ఆపిన రెండేళ్లలోపే వేయాలి. ఊళ్లో పంచాయితీలతో ఆ గడువు దాటనివ్వకండి.