పాలక్యాన్లలో దాచిన చరిత్ర

యుద్ధాల చరిత్ర ఎవరు రాస్తారు? సేనాధిపతుల జ్ఞాపకాలూ, ప్రభుత్వాల దస్తావేజులూ ముందు వేసుకుని పండితులు రాస్తారు. రొట్టెముక్క కోసం వరసలో నిలబడిన ఆడమనిషికి అందులో చోటుండదు. ఈ పద్ధతిని తలకిందులు చేసినవాడు పోలండు చరిత్రకారుడు ఎమాన్యుయెల్ రింగెల్‌బ్లూమ్.

ఆయన 1900లో పుట్టాడు. వార్సా యూదుల మధ్యయుగ చరిత్రపై పరిశోధించి 1927లో డాక్టరేటు పొందాడు. మార్క్సిస్టు. 1939 ఆగస్టులో వొక మహాసభకు జెనీవా వెళ్ళి, యుద్ధం ముంచుకొస్తున్నా అక్కడ నిలిచిపోక వార్సాకే తిరిగివచ్చాడు.

1940 నవంబరులో నాజీలు వార్సా యూదులను గోడల మధ్య మూసేశారు. మూడున్నర చదరపు కిలోమీటర్లు కూడా లేని ఆ చోట కొద్ది నెలల్లోనే నాలుగున్నర లక్షల మంది కిక్కిరిశారు. ఆకలీ, టైఫస్ జ్వరమూ వేలమందిని మింగాయి. ఆ నెలలోనే రింగెల్‌బ్లూమ్ వొక రహస్య బృందాన్ని కూర్చాడు. శనివారాల్లో కలుసుకునేవారు గనక, ‘విశ్రాంతిదినపు ఆనందం’ అని అర్థం వచ్చే ‘ఓయ్‌నెగ్ షబ్బెస్’ అనేది దాని మారుపేరు. అందులో ఉపాధ్యాయులున్నారు, పత్రికా రచయితలున్నారు, మతగురువు కూడా వున్నాడు. డైరీలు, బడిపిల్లల వ్యాసాలు, రేషను కార్డులు, ట్రాము టిక్కెట్లు, మిఠాయి కాగితాలు - దేన్నీ వారు అల్పమని వదలలేదు.

మనం ముఖ్యంగా గమనించవలసింది మరొకటి వుంది. బాధితులు గదా అని ఆయన తనవారి తప్పులను కప్పిపుచ్చలేదు. శరణార్థులు వీధుల్లో ఆకలితో చస్తుంటే ధనికులు హోటళ్ళలో విందులు చేసుకోవటాన్నీ, యూదు పోలీసుల దుర్మార్గాన్నీ రాశాడు. తర్వాత అజ్ఞాతంలో వుండి పోలిష్ భాషలో పోల్-యూదు సంబంధాలపై గ్రంథం రాస్తూ, ఆశ్రయమిచ్చిన పోల్‌ల సాహసాన్నీ, ముఖం తిప్పుకున్నవారి ఉదాసీనతనూ కూడా చెప్పాడు. పీడితులకు నిజమే ఆయుధం కావాలి గాని, పొగడ్త కాదని ఆయన నమ్మకం.

హెల్మ్‌నో మృత్యుశిబిరం నుంచి తప్పించుకువచ్చినవాని వాంగ్మూలాన్ని ఈ బృందం నమోదు చేసి బయటికి పంపింది. 1942 జూనులో లండను రేడియో పోలండు యూదుల సంహారాన్ని లోకానికి చాటినప్పుడు, తమ శ్రమ ఫలించిందని రింగెల్‌బ్లూమ్ డైరీలో రాసుకున్నాడు. కాని లోకం విన్నది, కదలలేదు. జులై 22న తరలింపులు మొదలై, రెండు నెలల్లో రెండున్నర లక్షల మందికి పైగా ట్రెబ్లింకాకు పోయారు.

అప్పుడు వారు సేకరించినదాన్ని భావితరాల కోసం భూమిలో పాతారు: 1942 ఆగస్టులో పది లోహపు పెట్టెలు, 1943 ఫిబ్రవరిలో రెండు పాలక్యాన్లు. 1944 మార్చిలో రింగెల్‌బ్లూమ్ దాగిన నేలమాళిగ బయటపడింది. భార్యనూ, కొడుకునూ, ఆయననూ నాజీలు చంపారు. సుమారు అరవైమంది సభ్యుల్లో ముగ్గురే బతికారు. వారు దారి చూపగా పెట్టెలు 1946లో శిథిలాల కింద దొరికాయి, పాలక్యాన్లు 1950లో. మూడవ భాగం నేటికీ దొరకలేదు.

హంతకుల దస్తావేజులే మిగిలివుంటే ఆ జనం అంకెలుగానే మిగిలేవారు. ఇప్పుడు వారు తమ గొంతుతో, తమ లోపాలతో సహా, మనతో మాట్లాడుతున్నారు. ప్రజల చరిత్ర అంటే ప్రజల గురించి రాసింది మాత్రమే కాదు, ప్రజలే రాసుకున్నది కూడా.