భానుమతీ రామకృష్ణ: కథ రాసిన కథానాయిక

భానుమతి (1925–2005) అనగానే నటన, పాట, ఆ వెంటనే ఆత్మాభిమానం గుర్తొస్తాయి. కథకురాలిగా ఆమెకు దక్కాల్సిన పేరు మాత్రం పూర్తిగా దక్కలేదు.

ఒంగోలు దగ్గరి దొడ్డవరంలో పుట్టింది. 1939లో సి.పుల్లయ్య తీసిన ‘వరవిక్రయం’లో కాళింది వేషంతో తెరకెక్కింది. అప్పటికి నాటకాల్లో ఆడవేషాలు ఎక్కువగా మగవాళ్లవే. రంగస్థల నటుడు బళ్లారి రాఘవ లాంటివారు స్త్రీ పాత్రలు స్త్రీలే ధరించాలని పట్టుబట్టడంతో రంగస్థలం కొంత మారింది. ఆడవాళ్లకు వేషం దొరికినా కలం దొరకలేదు. సినిమా కథ, మాట, పాట మగవాళ్ల చేతుల్లోనే ఉండిపోయాయి.

‘కృష్ణప్రేమ’ చిత్రీకరణలో పరిచయమైన పి.ఎస్.రామకృష్ణారావును 1943లో పెళ్లాడింది. కొడుకు భరణి పేరు మీద దంపతులు మద్రాసులో నిర్మాణ సంస్థ పెట్టారు, తర్వాత స్టూడియో కట్టారు. ఆమె రచనకు అసలు ఆసరా ఇదే. అదే కాలంలో సోవియట్ యూనియన్‌లో చిత్రకథా రచన ప్రభుత్వ స్టూడియోల కోసం చేసే వృత్తి. దాన్ని నేర్పే సినిమా విద్యాలయం మాస్కోలో 1919 నుంచే ఉంది. కాతెరీనా వినోగ్రాద్‌స్కయా లాంటి రచయిత్రులు అక్కడ పేరు తెచ్చుకున్నారు. మద్రాసులో అలాంటి బడి లేదు. కథ తనదిగా నిలవాలంటే ఆడమనిషికి సొంత స్టూడియో కావలసి వచ్చింది!

1953 నాటి ‘చండీరాణి’కి కథ, దర్శకత్వం ఆమెవే. కవలలుగా రెండు పాత్రలూ ఆమే పోషించింది: ఒకరు అడవిలో ధైర్యంగా పెరిగిన చండి, మరొకరు మెత్తని చంప. కథానాయకుడు ఎన్.టి.రామారావు. తెలుగు, తమిళ, హిందీ భాషల్లో తీశారు. సంగీతం మొదలుపెట్టిన సి.ఆర్.సుబ్బరామన్ 1952లో చనిపోగా, ఎం.ఎస్.విశ్వనాథన్ పూర్తిచేశాడు. తెలుగులో తొలి దర్శకురాలన్న గౌరవం ఈ చిత్రంతోనే వచ్చింది. దక్షిణాదిలో ఆమెకన్నా ముందే 1936లో టి.పి.రాజలక్ష్మి తన నవలనే తమిళంలో ‘మిస్ కమల’గా తీసిందని మరచిపోకూడదు.

కథల్లోనే ఆమె చేయి మరింత బాగా తిరిగింది. సినిమా కోడలి నోట మడి, ఆచారం, ఆవకాయల అత్తగారి వ్యవహారాలు చెప్పించిన ‘అత్తగారి కథలు’ ఇప్పటికీ చదువుతారు. ‘చండీరాణి’ కథ జానపద మూసలోనే నడిచింది. ఈ అత్తగారు మాత్రం అచ్చంగా భానుమతి సృష్టి. అత్తను రాక్షసిని చేయకుండా, కోడలిని బలిపశువును చేయకుండా నవ్వించడం అప్పట్లో అరుదు.

తర్వాత ‘అమ్మాయి పెళ్లి’ (1974), అందరూ పిల్లలే నటించిన ‘భక్త ధ్రువ మార్కండేయ’ (1982) చిత్రాలకు దర్శకత్వం వహించింది. ఆత్మకథ ‘నాలో నేను’. 1966లో పద్మశ్రీ, 2001లో పద్మభూషణ్ వచ్చాయి. 2005 డిసెంబరు 24న చెన్నైలో కన్నుమూసింది.