వాపస్ వచ్చిన సిపాయి నౌకరి

మా తరంలో పదో తరగతి గట్టెక్కినవాళ్లం ఎంప్లాయిమెంట్ ఎక్స్ఛేంజిలో పేరు రాయించుకుని, ఆ కార్డును పట్టా కాగితంలా దాచుకున్నాం. ఆ ఆఫీసు పుట్టింది మాత్రం నిరుద్యోగుల కోసం కాదు. రెండో ప్రపంచ యుద్ధం ముగిసేనాటికి భారత సైన్యంలో సుమారు 25 లక్షల మంది ఉన్నారు. వాళ్లను ఇళ్లకు పంపాలి, పని చూపాలి. అందుకే 1945 జూలైలో కేంద్రం పునరావాస, ఉపాధి డైరెక్టరేటును పెట్టి ఈ ఎక్స్ఛేంజీలను తెరిచింది. 1948లో గానీ వాటి తలుపులు అందరికీ తెరుచుకోలేదు. ఫౌజులో హవల్దారుగా దిగిపోయిన నాకు ఈ చరిత్ర చాలా ఆలస్యంగా తెలిసింది.

మా సారంగాపూర్, జగిత్యాల అప్పట్లో నిజాం ఇలాకా. నిజాం పటాలాల్లో ఒకటైన ఫస్ట్ హైదరాబాద్ ఇన్‌ఫంట్రీ 1941 డిసెంబరులో మలయాలోని కోటాబారు విమానాశ్రయానికి కాపలా ఉంది. జపాన్ సేన దిగింది ఆ తీరానే. ఏడేళ్లు తిరగకముందే, 1948 సెప్టెంబరులో పోలీసు చర్య జరిగి నిజాం ఏలుబడి ముగిసింది. సైన్యమే పోయాక సిపాయికి నౌకరి ఎక్కడిది?

అదే 1948లో ఢిల్లీలో టెరిటోరియల్ ఆర్మీ చట్టం వచ్చింది. ఆ దళాన్ని 1949 అక్టోబరు 9న అప్పటి గవర్నర్ జనరల్ రాజాజీ ప్రారంభించారు. మామూలు రోజుల్లో తన పని తాను చేసుకుంటూ, పిలుపొస్తే యూనిఫాం వేసుకునేవాళ్ల దళం అది. చట్టంలోని 7-ఎ సెక్షన్‌ను నేను ఎందరికో చదివి వినిపించాను. సైనిక సేవకు పోయినవాడికి యజమాని సెలవియ్యాలి. తిరిగొచ్చాక మునుపటికి తగ్గని షరతులతో పనిలో పెట్టుకోవాలి. కాదంటే విషయం అధికారి ముందుకు పోతుంది. ఆయన పనిలో పెట్టుకోమని ఆదేశించవచ్చు, లేదా ఆరు నెలల జీతానికి మించకుండా పరిహారం ఇప్పించవచ్చు. ఆరు నెలల జీతం తక్కువే. అయినా అది హక్కు, దయ కాదు.

రెగ్యులర్ జవానుకు ఈ హక్కు లేదు. అతనికున్నది కోటా. 1979 నిబంధనల ప్రకారం కేంద్ర ప్రభుత్వ గ్రూప్-సి కొలువుల్లో పది శాతం. చిన్న వయసులోనే ఫౌజుకు పోయినవాడికి వెనక్కి అడగడానికి పాత పని ఉండేది కాదు కాబట్టి, కోటాతో సరిపెట్టారు. నేనూ ఆ కోటాలోనే బతికాను, దాన్ని తక్కువ చేయను.

2022 జూన్‌లో సైన్యంలో భర్తీకి అగ్నిపథ్ పథకం వచ్చాక లెక్క మారింది. ఆ పథకంలో చేరే అగ్నివీరుడి సేవ నాలుగేళ్లు, తర్వాత ఇరవై అయిదు శాతం మందికే కొనసాగింపు. మిగతావాళ్లకు సేవానిధి కింద సుమారు 11 లక్షల 71 వేలు ముడతాయి కానీ మాజీ సైనికుడి హోదా రాదు. మా మండలంలో రైసుమిల్లులో లెక్కలు రాసే పిల్లవాడొకడు భర్తీకి పోయే ముందు నన్నడిగాడు: “కాకా, నాలుగేండ్లయినంక నా పని నాకు వాపస్ ఇస్తరా?” చట్టంలో అతనికి చోటు లేదని చెప్పడానికి నాకు మనసొప్పలేదు, అయినా చెప్పాను.

అమెరికాలో 1940 నాటి సైనిక భర్తీ చట్టంలోనే పాత ఉద్యోగం తిరిగిచ్చే మాట రాశారు. 1994 చట్టం ఇష్టపడి చేరినవాడికి కూడా, మొత్తం అయిదేళ్ల సేవ దాకా, ఉద్యోగాన్ని కాపాడుతుంది. మన అగ్నివీరుడి సేవ నాలుగేళ్లే.

అగ్నివీరుల తొలి జట్టు 2023 జనవరికి శిక్షణలో చేరింది. వాళ్ల గడువు తీరేలోగా 7-ఎ రక్షణను అగ్నివీరులకూ వర్తింపజేయాలని మన ఎంపీలు పార్లమెంటులో అడగాలి. అందాకా మిల్లుల, దుకాణాల యజమానులకు నా మనవి ఒక్కటే: మీ దగ్గర పనిచేసే పిల్లవాడు ఫౌజుకు పోతుంటే, తిరిగొస్తే పనిలోకి తీసుకుంటామని కాగితం రాసి, సంతకం చేసి అతని చేతికివ్వండి.