కార్తె చుక్కది, పూత చెట్టుది

మామిడి విరగబూస్తే క్షేమం. వేప పూస్తే సుభిక్షం. నల్లజీడి పూస్తే భయం. చండ్ర, జమ్మి ఏపుగా ఉంటే కరువు. మొల్ల పూస్తే పత్తి పండుతుంది, ఇప్ప పూస్తే గోధుమ పండుతుంది, తెల్లమద్ది బాగుంటే వానలు బాగుంటాయి.

చందమామ సీరియల్‌లో మాంత్రికుడు చెప్పే మాటల్లా ఉన్నాయి. కానీ ఇవి ఆరో శతాబ్దపు వరాహమిహిరుడివి. బృహత్సంహితలో కుసుమలతాధ్యాయమని ఒక చిన్న అధ్యాయం ఉంది. ఏ చెట్టు పూతను బట్టి ఏ పంట, ఏ సరుకు సమృద్ధిగా ఉంటుందో అందులో చెబుతాడు. మహిమగల పూలతో కాలం కొలిచే లోకాన్ని ఊహించే రచయితలకు ఇంతకన్నా మంచి ముడిసరుకు దొరకదు. ఇందులో శకునమే ఎక్కువ, పరీక్షకు నిలిచే మాట తక్కువ. అయినా తెల్లమద్ది సంగతి పూర్తిగా కొట్టిపారేయలేం. అది వానలకు ముందు, ఎండాకాలంలో పూస్తుంది. తొలకరి కోసం ఆకాశంకేసి చూసే మనిషి కంట ఆ చెట్టు పడకుండా ఎలా ఉంటుంది?

తెనాలి, రేపల్లె, బాపట్ల చేలల్లో మాత్రం పెత్తనం పూలకు దక్కలేదు, చుక్కలకు దక్కింది. సూర్యుడు ఒక్కో నక్షత్రంలో ఉండే పదమూడు, పద్నాలుగు రోజులు ఒక కార్తె. ఏడాదికి ఇరవై ఏడు. రోహిణి మే 25 ప్రాంతంలో వస్తుంది, మృగశిర జూన్ 7, 8 తేదీల్లో, ఆరుద్ర జూన్ 22 దరిదాపుల్లో. తిథులు ఏటా అటూ ఇటూ జరుగుతాయి కానీ కార్తె తేదీ ఒక రోజుకు మించి కదలదు. సేద్యగాడికి కావలసింది అదే. రోహిణిలో రోళ్లు పగులుతాయన్నా, మఖలో పుట్టి పుబ్బలో మాడిందన్నా జనం ఆ పట్టికనే నోటికి ఎక్కించుకున్నారు.

కదలదన్న మాట ఒక జీవితకాలానికే చెల్లుతుంది. భూమి ఇరుసు మెల్లగా దిశ మార్చుకుంటూ ఉండడంవల్ల, రుతువుల లెక్కన చూస్తే నక్షత్రాల కాలం సుమారు డెబ్భై రెండేళ్లకు ఒక రోజు ఆలస్యమవుతూ జరుగుతుంది. వరాహమిహిరుడు లెక్కలకు ఆధారంగా తీసుకున్న సంవత్సరం క్రీ.శ. 505. అప్పటినుంచి చూస్తే తేడా మూడు వారాలు దాటింది. ఇవాళ మృగశిర నైరుతి రుతుపవనాలతో కలిసి వస్తోంది. ఆయన రోజుల్లో అదే మృగశిర నడివేసవిలో వచ్చేది. కాబట్టి ఇప్పటి వానలకు అతికినట్టు సరిపోయే కార్తె సామెతలు మరీ ప్రాచీనమైనవి కాకపోవచ్చు. లేదా జనమే వాటిని ఎప్పటికప్పుడు సరిదిద్దుకుంటూ వచ్చి ఉంటారు. శాస్త్రవేత్త మేఘనాద్ సాహా అధ్యక్షతన 1952లో వేసిన పంచాంగ సంస్కరణ సంఘం తలపట్టుకున్నదీ ఈ జరుగుడు గురించే. ఆ సంఘం చెప్పిన జాతీయ శక పంచాంగం 1957 మార్చి 22న మొదలైంది. ఆకాశవాణిలో వినపడింది, గెజెట్‌లో అచ్చయింది, పెళ్లి ముహూర్తాల దాకా మాత్రం రాలేదు.

ఫ్రాన్స్‌లో విప్లవకారులు 1793లో ఇంకా దూరం పోయారు. ఫాబ్ర్ దెగ్లాంతీన్ అనే కవి నెలలకు మొలక, పువ్వు, పచ్చిక పేర్లు పెట్టి, రోజుల్లో చాలావాటికి మొక్కల పేర్లు తగిలించాడు. 1806 మొదటి రోజునే ఆ క్యాలెండర్‌ను నెపోలియన్ ఎత్తేశాడు.

మన ఇళ్లలో పూతకూ పంచాంగానికీ ఏటా తగాదా వచ్చే రోజు ఒకటుంది. ఉగాది. 2023లో అది మార్చి 22న వచ్చింది, 2024లో ఏప్రిల్ 9న. చాంద్రమానం ఏటా పదకొండు రోజులు వెనక్కి పోయి, అధికమాసంతో మళ్లీ ముందుకు గెంతుతుంది. వేపచెట్టుకు అధికమాసం తెలియదు. పండగ ముందొచ్చిన ఏడు పచ్చడిలోకి నాలుగు రేకుల కోసం వీధంతా తిరగాలి. ఆలస్యమైన ఏడు గుమ్మం ముందే రాలి ఉంటుంది.

చెట్టు మరి దేన్ని చూసి పూస్తుంది? దీనికి గట్టి జవాబు 1920లో వచ్చింది, అదీ గుంటూరు వాళ్లకు బాగా తెలిసిన మొక్క నుంచి. అమెరికా వ్యవసాయ శాఖలో గార్నర్, అలార్డ్ అనే ఇద్దరు, ఎంత పెరిగినా వేసవిలో పూయని ఒక పొగాకు రకాన్ని రోజూ కొన్ని గంటలు చీకట్లో ఉంచారు. అది పూసింది. పగటి నిడివే మొక్కకు పంచాంగమని అలా తేలింది. అసలు కొలత రాత్రిదని తర్వాతివాళ్లు కనిపెట్టారు. రాత్రులు పెరిగాక చేమంతి పూయడానికీ కారణం ఇదే. పాతకాలపు సార్వా వరి కూడా ఆ జాతే. కాస్త ముందు చల్లినా, వెనక చల్లినా ఇంచుమించు ఒకేసారి ఈనుతుంది.

తెనాలి, రేపల్లె డెల్టాలో ఈ విషయం పుస్తకాలకే పరిమితమయ్యేది కాదు. వరి పువ్వు పొద్దున పూట గంటో రెండు గంటలో విచ్చుకుని మూసుకుంటుంది. ఆ వేళ ముసురు పడితే పుప్పొడి తడిసి తాలు పెరుగుతుంది. పైగా ఈ తీరానికి అక్టోబరు, నవంబరు తుపాను నెలలు. 1977 నవంబరు 19 ఉప్పెనను రేపల్లె ప్రాంతం ఇప్పటికీ మరచిపోలేదు. బాపట్లలో వ్యవసాయ కళాశాల 1945లో మొదలైంది. అక్కడి పరిశోధనా కేంద్రం 1986లో ఇచ్చిన సాంబమసూరి, అంటే బీపీటీ 5204, ఊరి పేరును దేశమంతా తిప్పింది. దాని పంటకాలం దాదాపు అయిదు నెలలు. కాలవకు నీళ్లు ఆలస్యమైతే నాట్లు వెనకబడతాయి, పూత తుపాను ముంగిట్లోకి వెళుతుంది.

వరి వెనకాలే మినుము ఉంది. తెనాలి, రేపల్లె మాగాణుల్లో కోతకు రెండు మూడు రోజుల ముందే, నిలిచి ఉన్న పైరులోనే మినుములు చల్లేస్తారు. ఆ రోజు ఏ కార్తె నడుస్తోందో గోడ క్యాలెండర్‌లో ఉంటుంది. రైతు మాత్రం కంకి రంగు చూస్తాడు, గట్టు దిగి కాలితో నేల పదును చూస్తాడు, సాయంత్రానికి కోత కూలీలకు కబురు పంపుతాడు.