పెతాయవెసి రైతులు కట్టుకున్న గుడి

ఫిన్లాండ్ చరిత్ర ఎక్కడ మొదలుపెట్టి చదవాలని మనవాళ్లెవరైనా అడిగితే నేను హెల్సింకీ పేరు చెప్పను. నేనుంటున్న యువస్కులాకు పడమటగా 35 కిలోమీటర్లు పోతే పెతాయవెసి అనే ఊరు వస్తుంది. అక్కడి పాత చెక్క చర్చి పేరు చెబుతాను. ఈ దేశాన్ని రెండు రాజ్యాలు ఏలాయి. 1809 దాకా స్వీడన్, 1917 దాకా రష్యా. ఈ చర్చి మాత్రం ఏలినవాళ్లది కాదు, ఊరివాళ్లది.

1728లో చుట్టుపక్కల పల్లెలవాళ్లు ఒక శ్మశానానికీ, చిన్న చర్చికీ అనుమతి తెచ్చుకున్నారు. దట్టమైన అడవులు, మధ్యలో సరస్సులు. ప్రధాన చర్చి చాలా దూరం. బిడ్డకు బాప్తిస్మం ఇప్పించాలన్నా, మనిషి పోతే మట్టి చేయాలన్నా ప్రయాణం పెట్టుకోవాల్సిందే. ఇప్పుడు మనం చూసే చర్చి 1763-65లో లేచింది. నీటి ఒడ్డునే స్థలం ఎంచుకున్నారు. వేసవిలో జనం పడవల్లో వచ్చేవారు, చలికాలంలో గడ్డకట్టిన సరస్సు మీదుగా వచ్చేవారు.

కట్టిన మేస్త్రి యాక్కో క్లెమెతిన్‌పోయ్కా లెప్పానెన్ రైతు కుటుంబీకుడు. మధ్యలో గోపురం, నాలుగు వైపులా సమానమైన రెక్కలు. యూరప్ నగరాల్లో రాతితో కట్టే పద్ధతిని ఈయన పైన్ దుంగలతో సాధించాడు. లోపల నిలబడి తలెత్తి చూడండి. ఎనిమిది పలకల చెక్క గోపురం కనిపిస్తుంది. గోడలకు పూత లేదు; పైన్ ముడులు, గొడ్డలి వేటు ఆనవాళ్లు అలాగే ఉన్నాయి. దుంగలు మూలల్లో ఒకదాన్నొకటి కరుచుకుని నిలబడతాయి. నన్ను ఎక్కువసేపు నిలబెట్టేది ప్రసంగ వేదిక. దాన్ని భుజాన మోస్తున్నట్టు చెక్కిన బొమ్మ పరిశుద్ధ క్రిస్టఫర్‌ది. పరిశుద్ధుల ఆరాధనను లూథరన్లు వదిలేసి రెండు వందల ఏళ్లు దాటాక కూడా ఆ పల్లె చేతులు ఆయన్ని వదల్లేదు.

లూథరన్ మతం ఇక్కడికి పదహారో శతాబ్దంలో స్వీడన్ రాజు గుస్తావ్ వాసా నిర్ణయంతో వచ్చింది. కానీ దాన్ని జనం సొంతం చేసింది అక్షరం. మత సంస్కర్త మికాయెల్ అగ్రికోలా 1543లో ఫిన్నిష్ ఓనమాల పుస్తకం, 1548లో కొత్త నిబంధన అచ్చు వేయించాడు. 1686 నాటి చర్చి చట్టం ప్రకారం మత బోధలు తెలియనివారికి ప్రభువు భోజనమూ లేదు, పెళ్లీ లేదు. పాదిరి ఊరూరా తిరిగి ఇంటివాళ్లను కూర్చోబెట్టి పరీక్షించేవాడు. ఈనాడు ఫిన్లాండ్ బడుల గొప్ప చెప్పుకునేవాళ్లు ఆ పరీక్షల దగ్గర నుంచి మొదలుపెట్టాలని నా అభిప్రాయం. గుంటూరువాళ్లకు లూథరన్ పేరు కొత్త కాదు. 1842లో అమెరికా నుంచి హేయర్ అనే మిషనరీ వచ్చి మొదలుపెట్టిన పని అక్కడి బడులు, ఆసుపత్రుల్లో ఇంకా కనిపిస్తుంది. ఆ శాఖ వేరు, మూలం ఒకటే.

మళ్లీ పెతాయవెసి చర్చి దగ్గరికి వద్దాం. 1821లో లెప్పానెన్ మనవడు ఎర్కి దీనికి గంట గోపురం కట్టాడు. 1879లో ఊరికి కొత్త చర్చి వచ్చాక ఈ పాత చర్చిని వాడడం మానేశారు. ఆ నిరాదరణే దీన్ని కాపాడిందంటాను. వాడుకలో ఉన్న చర్చిల్లో పొయ్యిలు పెట్టారు, రంగులు వేశారు, కిటికీలు మార్చారు. దీన్నెవరూ ముట్టుకోలేదు. 1920లలో వియన్నాకు చెందిన కళా చరిత్రకారుడు యోసెఫ్ స్ట్ర్జిగోవ్‌స్కీ దీని విలువ చెప్పాక మరమ్మతులు మొదలయ్యాయి. 1994లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది.

వేసవిలో ఇప్పటికీ ఇక్కడ ఆరాధనలు, పెళ్లిళ్లు జరుగుతాయి. లోపల వెచ్చదనానికి ఏ ఏర్పాటూ లేదు. మీరెవరైనా ఇటువైపు వస్తే జూన్, ఆగస్టుల మధ్య రండి, నేనే తీసుకెళ్తాను.