పాత తుపాకి, దాని మీది దుర్భిణి: ఉత్తరాంధ్రలో ఆయుధాల కాలనిర్ణయం

పాత తుపాకి వయసును మూడు చోట్ల వెతుకుతారు: పేల్చే యంత్రాంగం (లాక్), లోహం మీద కొట్టిన ముద్రలు, గురి చూసే సాధనం. ఈ మూడూ ఒకే కాలానివి కానక్కర్లేదు. గొట్టం తాతది, లాక్ తండ్రిది, పైన బిగించిన దుర్భిణి కొడుకుది కావచ్చు. పైగా ఏ గుర్తయినా ఒకవైపు హద్దునే చూపిస్తుంది. వస్తువు ఫలానా ఏడాదికి ముందుది కాదని తేలుతుంది గాని, సరిగ్గా ఆ ఏడాదిదేనని తేలదు. శ్రీకాకుళం, విజయనగరం ప్రాంతంలో పాత ఆయుధం కనిపిస్తే బొబ్బిలి యుద్ధానిదో, పద్మనాభ యుద్ధానిదో అనుకోవడం సహజం. ఆ రెండు యుద్ధాల తేదీలూ కచ్చితంగా తెలుసు కాబట్టి ఆ మాట ఎంతవరకు నిలుస్తుందో సరిచూడవచ్చు.

బొబ్బిలి కోట మీద దాడి జరిగింది 1757 జనవరి 24న. విజయనగరం ప్రభువు పూసపాటి విజయరామరాజు పక్షాన ఫ్రెంచి సేనాని బుస్సీ సైన్యం, ఫిరంగులు నిలిచాయి. ఉత్తర సర్కారులు 1753లోనే నిజాం నుంచి ఫ్రెంచివారి చేతికి వచ్చాయి. ఆనాటికి ఈ సీమలో రెండు రకాల తుపాకులుండేవి. స్థానికుల దగ్గరున్నది వత్తి తుపాకి. మీట నొక్కితే నిప్పంటించిన వత్తి కిందికి వంగి, గొట్టం పక్కనున్న చిన్న గిన్నెలోని మందును అంటిస్తుంది. ఐరోపా సైనికుల దగ్గరున్నది చెకుముకి తుపాకి. అందులో సుత్తికి బిగించిన చెకుముకి రాయి ఉక్కు రేకుకు తగిలి నిప్పురవ్వలు రాలుస్తుంది.

ఐరోపా తుపాకుల్లోనూ ఫ్రెంచిదేదో, ఇంగ్లీషుదేదో గొట్టాన్ని చూసి పోల్చవచ్చు. ఫ్రెంచి సైనిక తుపాకిలో గొట్టాన్ని చెక్కకు లోహపు పట్టీలతో బిగించేవారు. ఈ పద్ధతి 1728 నమూనాతో స్థిరపడింది. ఇంగ్లీషు తుపాకిలో పట్టీలుండవు. చెక్కలోంచి అడ్డంగా దూర్చిన సన్నని మేకులే గొట్టాన్ని పట్టి ఉంచుతాయి. గొట్టం లోపలి వ్యాసం ఫ్రెంచిదానికి సుమారు 17.5 మిల్లీమీటర్లు, ఇంగ్లీషుదానికి 0.75 అంగుళం, అంటే 19 మిల్లీమీటర్లు. బొబ్బిలి యుద్ధంలో బుస్సీ సైనికులు వాడినదని చెప్పే తుపాకి మేకులతో బిగించిన ఇంగ్లీషు నమూనా అయితే ఆ మాటను వెంటనే నమ్మనక్కర్లేదు.

వత్తి తుపాకుల విషయం ఇంత తేలిక కాదు. ఆ నమూనా శతాబ్దాల తరబడి పెద్దగా మారలేదు. గొట్టం మీద ఏడాది చెక్కి ఉన్నా ఒక చిక్కుంది. తెలుగు సంవత్సరాల పేర్లు 60 ఏళ్లకోసారి తిరిగి వస్తాయి. బొబ్బిలి యుద్ధం జరిగింది ధాత సంవత్సరంలో. 1876లో మొదలైన మహాకరువును జనం ధాత కరువు అనే పిలిచారు. ఆ రెండింటి మధ్య 1816లోనూ, ఆ తర్వాత 1936లోనూ మళ్లీ ధాత వచ్చింది. కాబట్టి ఆయుధం మీద ధాత అని ఒక్క మాటే ఉంటే కాలం తేలదు. పక్కన శక సంవత్సరం ఉండాలి, లేదా అక్షరాల తీరు, లోహపు పని మరో దారి చూపించాలి.

1760ల్లో ఉత్తర సర్కారులు ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ వశమయ్యాక ముద్రల సాక్ష్యం బలపడింది. కంపెనీ తన సిపాయిల కోసం ఇంగ్లండులో తయారు చేయించిన తుపాకుల లాక్ పలక మీద తయారీదారు పేరు, ఏడాది, కంపెనీ గుర్తు చెక్కించేది. ఆ గుర్తు హృదయాకారంలో ఉంటుంది. దాన్ని నాలుగు గదులుగా విభజించి కంపెనీ పేరులోని పొడి అక్షరాలు వేసేవారు. పైన 4 అంకెలాంటి గీత ఉంటుంది. 1808 నుంచి ఈ హృదయ ముద్ర స్థానంలో కిరీటం పట్టుకుని వెనక కాళ్ల మీద నిలబడిన సింహం వచ్చింది. గొట్టం పొడవూ కాలం చెబుతుంది. బ్రిటిష్ సైన్యపు పాత నమూనాల్లో అది 46, 42 అంగుళాలు. కంపెనీ కోసం 1771 ప్రాంతంలో రూపొందిన ఇండియా నమూనాలో 39 అంగుళాలే. కంపెనీ తుపాకి బాగుందని బ్రిటిష్ సైన్యమూ 1790ల్లో ఆ నమూనానే చేపట్టింది.

ఈ రెండు వివరాలతో చాలా సందేహాలు తీరుతాయి. పద్మనాభం దగ్గర 1794 జులై 10న కల్నల్ ప్రెండర్‌గాస్ట్ నడిపిన కంపెనీ సేనకు, విజయనగరం రాజు విజయరామ గజపతి అనుచరులకు మధ్య పోరు జరిగింది. రాజు అందులోనే మరణించాడు. 39 అంగుళాల గొట్టం, హృదయ ముద్ర, 1794కు ముందటి ఏడాది ఉన్న తుపాకి ఆ యుద్ధం నాటికి ఉండి ఉండవచ్చు. సింహం ముద్ర ఉన్న తుపాకి మాత్రం ఆ యుద్ధంలో పేలే అవకాశమే లేదు. అలాగే ఇండియా నమూనా తుపాకి ఏదీ బొబ్బిలి యుద్ధాన్ని చూసి ఉండదు.

తర్వాతి మెట్టు టోపీ తుపాకి. దెబ్బ తగిలితే మండే రసాయనాన్ని తుపాకిలో వాడే పద్ధతికి స్కాట్లండ్ మతగురువు అలెగ్జాండర్ ఫోర్సిత్ 1807లో పేటెంటు పొందాడు. ఆ రసాయనం నింపిన రాగి టోపీలు 1820ల్లో వ్యాపించాయి. బ్రిటిష్ సైన్యం 1830ల చివర్లో వాటిని చేపట్టింది. ఆ రోజుల్లో పాత చెకుముకి తుపాకులను పారేయకుండా టోపీ తుపాకులుగా మార్చేవారు. మార్చిన దాన్ని గుర్తుపట్టాలంటే లాక్ పలకను వెలుతురులో ఏటవాలుగా పట్టుకుని చూడాలి. మందు గిన్నె, ఉక్కు రేకు, దాని స్ప్రింగు ఉన్న చోట రంధ్రాలు పూడ్చిన గుండ్రని మచ్చలు కనిపిస్తాయి. పలక మీద 1790ల ఏడాది ఉండి, పైన టోపీ పెట్టే మొన ఉంటే ఆ తుపాకికి రెండు వయసులున్నట్టే.

1857 తర్వాత కంపెనీ పోయి రాణి పాలన వచ్చింది, ముద్రలూ మారాయి. 1866లో స్నైడర్, 1871లో మార్టిని హెన్రీ రైఫిళ్లతో వెనక నుంచి తూటా పెట్టే కాలం మొదలైంది. ఇంగ్లండులో అమ్మకానికి ముందు గొట్టాన్ని పరీక్షించి కొట్టే ముద్రలూ సాక్ష్యమే. బర్మింగ్‌హామ్ పరీక్షాశాల 1813 చట్టంతో ఏర్పడింది కాబట్టి దాని ముద్ర ఉన్న గొట్టం అంతకు ముందుది కాదు. కలకత్తాలోని మాంటన్, రోడ్డా దుకాణాల పేర్లు తుపాకుల మీద కనిపిస్తే అవి అమ్మినవారి పేర్లే కావచ్చు. తయారీ కాలం కోసం గొట్టం అడుగున ఉన్న ముద్రలను చూడాలి.

యంత్రాంగాన్ని మాత్రమే నమ్మితే మోసపోయే చోటు మన్యం. పార్వతీపురం, సీతంపేట, పాలకొండ కొండల్లో వాడిన నాటు తుపాకులు మూతి నుంచి మందు దట్టించేవి. తూటా తుపాకులొచ్చి వందేళ్లు దాటాక కూడా అవి తయారవుతూనే ఉన్నాయి. చూపుకు 1840ల నాటిదిలా ఉన్న నాటు తుపాకి నిన్నమొన్నటిదీ కావచ్చు. గొట్టం నీళ్ల పైపుదా, మరలకు యంత్రంతో కోసిన సమానమైన చుట్లు ఉన్నాయా, వెల్డింగు జాడ ఉందా అన్నవే అక్కడ ఆధారాలు.

దుర్భిణి ఈ వరుసలో చివరగా వచ్చింది. రైఫిల్ మీద దుర్భిణి బిగించి గురి చూడటం 19వ శతాబ్దంలో ప్రయోగ దశ దాటింది. భారతదేశంలో బాంబే సైన్యంలో పనిచేసిన డేవిడ్సన్ రూపొందించిన దుర్భిణిని 1860ల్లో అమెరికా అంతర్యుద్ధంలో విట్‌వర్త్ రైఫిళ్ల మీద వాడారు. వేటగాళ్లకు ఇది విరివిగా దొరికింది 20వ శతాబ్దంలోనే. వియన్నాలో కాలెస్, యేనాలో జైస్, వెట్జ్‌లార్‌లో హెన్సోల్ట్ సంస్థలు పేరు పొందాయి. పులి వేటకు పేరుపడిన విజయనగరం మహారాజకుమారుడు విజ్జీ తరం, అంటే 1905 ప్రాంతంలో పుట్టిన జమీందారీ తరం, ఇలాంటి దుర్భిణులు చేతికందిన తరం.

దుర్భిణి కాలనిర్ణయంలో మొదట చూసేది రాత. విదేశీ సరుకు మీద తయారైన దేశం పేరు ఉండాలన్న బ్రిటిష్ చట్టం 1887లో వచ్చింది. ఉత్త జర్మనీ అని కాక పశ్చిమ జర్మనీ అని ఉంటే అది 1949 తర్వాతది. జైస్ పేరు పక్కన యేనా ఉంటే పాత కర్మాగారానిది, ఒబర్‌కోహెన్ ఉంటే రెండో ప్రపంచయుద్ధం తర్వాత పశ్చిమాన పుట్టిన శాఖది. యుద్ధకాలపు జర్మన్ సరుకు మీద సంస్థ పేరుకు బదులు రహస్య అక్షరాలుండేవి. బ్రిటిష్ సైనిక దుర్భిణుల మీద బాణం గుర్తు, నమూనా సంఖ్య, తరచుగా ఏడాదీ ఉంటాయి. వాటిలో పేరుపడిన 32వ నంబరు దుర్భిణిని 1942 నుంచి లీ ఎన్‌ఫీల్డ్ నిశాన్‌బాజీ రైఫిల్ మీద బిగించారు. ఆ రైఫిల్ చెక్క మెడ మీద దుర్భిణి సంఖ్యను కొట్టేవారు. రెండు సంఖ్యలూ కలిస్తే అవి మొదటి నుంచీ జోడీ అని తేలుతుంది.

రెండోది అద్దం. పాత దుర్భిణిలో దీపం ప్రతిబింబం తెల్లగా కనిపిస్తుంది. నీలంగానో ఊదాగానో మెరిస్తే అద్దం మీద కాంతి వృథాను తగ్గించే పూత ఉన్నట్టు. జైస్‌లో పనిచేసిన స్మాకులా ఈ పూతకు 1935లో పేటెంటు పొందాడు. మామూలు సరుకులో అది యుద్ధం తర్వాతే సర్వసాధారణమైంది. కాబట్టి పూత ఉన్న దుర్భిణి జమీందారీల చివరి పదేళ్లదో, ఆ తర్వాతదో అవుతుంది. జమీందారీలను ముగించిన మద్రాసు ఎస్టేట్ల రద్దు చట్టం వచ్చింది 1948లో.

మూడోది నిర్మాణం. తొలి జర్మన్ దుర్భిణుల్లో ఎత్తు సరిచేసే చక్రం ఒక్కటే ఉండేది. కుడి ఎడమల సవరణ బిగింపులో జరిగేది. రెండు చక్రాలూ గొట్టంలోనే ఉండటం, వాటిని తిప్పినా గురిగీతలు మధ్యలోనే నిలవడం తర్వాతి మెరుగులు. ఉక్కు గొట్టం, పంజా ఆకారపు బిగింపు సాధారణంగా యుద్ధానికి ముందటి పనితనాన్ని సూచిస్తాయి. ఎర్రచుక్క చూపే విద్యుత్ గురి సాధనం 1975కు ముందుది కానే కాదు. అప్పటికి 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం వేటను కట్టుదిట్టంగా నియంత్రించింది.

తుప్పును, అద్దం మీది బూజును వయసుకు కొలమానంగా తీసుకోకూడదు. కళింగపట్నం, భీమిలి తీరపు ఉప్పుగాలికి కొత్త ఉక్కయినా త్వరగా తుప్పు పడుతుంది. తేమలో మూసి పెట్టిన అద్దం కొన్నేళ్లకే బూజు పడుతుంది. బూజు పట్టని పాత దుర్భిణి జాగ్రత్తగా ఉంచిన ఇంటి గొప్పే.

వయసు తేలడం వల్ల చట్టపరమైన ఫలితమూ ఉంది. 1972 పురావస్తు చట్టం ప్రకారం వందేళ్లు దాటిన వస్తువు పురావస్తువు కిందకు వస్తుంది, దాన్ని ఎవరికి వారు దేశం దాటించడానికి వీల్లేదు. పనిచేసే తుపాకికి 1959 ఆయుధ చట్టం కింద లైసెన్సు ఉండాలి. మూతి నుంచి దట్టించే పాత తుపాకిలో తరాల నాటి మందు మిగిలి ఉండవచ్చు కనుక పరీక్షకు ముందు దాన్ని నిపుణుడి చేత ఖాళీ చేయించాలి. ఆ తర్వాత కూడా ఉప్పుకాగితంతో రుద్దడం, ఆకురాయి పట్టించడం, మెరుగు పెట్టించడం తగవు. చెరిగిపోయిన ముద్రతో పాటు ఆ ఆయుధపు ఏడాదీ పోతుంది.